జెర్రిపోతుల మీద వేసిన గుడ్డ

మొన్న మిరుగం కార్తె తొలివాన పడ్డ మర్నాడు పొద్దున మా అపార్ట్‌మెంట్ జనమంతా బాల్కనీల్లోకి వచ్చి నిలబడ్డారు. నీళ్ళ ట్యాంకరు రాని రోజున కూడా ఇన్ని ముఖాలు నేను ఒకేసారి చూసి ఎరగను. వెనక ప్రహరీ అవతల, ఎవరో కొని వదిలేసిన ప్లాట్లలో, సర్కారు తుమ్మల మధ్య రెండు పాములు ఒకదాన్నొకటి మెలేసుకుని నడుమెత్తు లేచి ఆడుతున్నాయి. ఈ కిష్టారెడ్డిపేటలో అంత ఖాళీ జాగా ఇంకా మిగిలి ఉండటమే వింత. ఫోన్లు పట్టుకుని అందరూ తీస్తున్నారు. పిల్లలు చూడకూడదని ఒకరన్నారు, చూస్తేనే మంచిదని ఒకరన్నారు. పై అంతస్తు పెద్దాయన మాత్రం, ఒకటి నాగుపాము, ఒకటి జెర్రిపోతు, రెంటికీ జోడు కుదిరింది, ఎవరైనా కొత్త తెల్లగుడ్డ వేయండి, ఇంటికి కలిసొస్తుంది అని కేకేశాడు. ఎవరింట్లోనూ తెల్లగుడ్డ లేదు. ఒకావిడ ఉత్సాహంగా స్నానం టవలు విసిరింది గాని అది కింది అంతస్తు సన్‌షేడ్ మీదే పడి ఆగిపోయింది.

అందరూ నవ్వారు. నాకు నవ్వు రాలేదు. అలాంటి గుడ్డలోంచి చింపిన పేలిక ఒకటి నా బీరువాలో పట్టుచీర మడతల్లో ఉంది. మా వాచ్‌మన్ భార్య ఈ మధ్యనే దాన్ని అడిగింది. నారాయణఖేడ్ వైపు పిల్ల, పెళ్ళయి చాలా కాలమైంది, కడుపు పండలేదని అత్తగారింట్లో మాటలు పడుతోంది. నేనే ఎప్పుడో నోరు జారి ఆ పేలిక గురించి చెప్పాను. అడిగాక మాత్రం ఇద్దాంలే, చూద్దాంలే అని జరుపుతూ వచ్చాను. మా చిన్నత్త గుర్తుగా నా దగ్గర మిగిలింది అదొక్కటే. అది కూడా ఇచ్చేస్తే ఆమె ఈ భూమి మీద ఉన్నట్టు నాకే సాక్ష్యం ఉండదు.

మా ఇల్లు పాశమైలారం దగ్గరే, కానీ ఊళ్ళో కాదు, ఊరికి దూరంగా పొలంలో, బాయికాడ. ఇప్పుడు ఆ చోట ఒక మందుల కంపెనీ గోడ ఉంది. గోడ పక్కనుంచి పోతే ముక్కుకు కొంగు అడ్డం పెట్టుకోవాలి. అప్పుడు అక్కడ తడిసిన నల్లరేగడి వాసన వచ్చేది, పశువుల కొట్టం వాసన వచ్చేది, పాత బెల్లం కుండ మూత తీస్తే ఇల్లంతా తియ్యగా అయ్యేది. నాకు తోబుట్టువులు లేరు. బడి ఉన్నన్నాళ్ళు ఊళ్ళో పిల్లలు దొరికేవాళ్ళు. ఎండాకాలం సెలవులొస్తే నేను, మా బర్రె, చెరుకుతోట, అంతే. పలకరించడానికి మనిషి లేక మోటబావిలోకి వంగి నన్ను నేనే పేరు పెట్టి పిలుచుకున్న రోజులున్నాయి.

ఆ సెలవుల్లో నేను స్నేహం చేసింది ఒక జెర్రిపోతుతో. స్నేహమని నేను అనుకోవడమే, దానికేం తెలుసు. మా తాత దాన్ని కొట్టనిచ్చేవాడు కాదు. చెరుకులో పందికొక్కులు పడితే మొదళ్ళు కొరికి పారేసేవి. ఈ పాము ఉన్న మడిలోకి మాత్రం అవి వచ్చేవి కావు. "మనకు జీతం అడగని జీతగాడు ఇది" అనేవాడు తాత. పసుపు కలిసిన మట్టిరంగు ఒళ్ళు, తోక వైపు పోనుపోను నల్లటి వల కప్పినట్టు గీతలు, పెద్ద పెద్ద గుండ్రటి కళ్ళు. మనిషి కంటే పొడవుండేది. రాత్రి తిరిగే పాము కాదు, మనలాగే పగలు పని చేసి చీకటి పడితే బొరియలో పడుకునేది. ఎటూ దారి లేకుండా అడ్డం పోతే మెడ ఉబ్బించి పిల్లి గుర్రుమన్నట్టు చప్పుడు చేసేది. అది విని పెద్దవాళ్ళే పరుగెత్తేవాళ్ళు.

నాయనమ్మకు అది గిట్టేది కాదు. బర్రె కాళ్ళకు చుట్టుకుని పాలు తాగుతుందని, తోకతో కొడితే కొట్టినచోట కుళ్ళుతుందని చెప్పేది. పాలు తాగుతుందా లేదా చూద్దామని నేను దొంగతనంగా చిప్పలో పాలు పోసి బొరియ దగ్గర పెట్టాను. పాము దానిమీదుగా పాకి వెళ్ళిపోయింది. పిల్లి వచ్చి తాగింది. ఈ సంగతి చెబితే నాయనమ్మ పాము మాట వదిలేసి పాలు పారబోసినందుకు నా వీపు విమానం మోత మోగించింది. ఒకసారి తాత కందిచేను గెట్టు కింద మెత్తటి తెల్ల గుడ్లు, ఒకదానికొకటి అంటుకున్నవి, వాటిని చుట్టుకుని పడుకున్న జెర్రిపోతును చూపించాడు. పోతు గుడ్లు ఎట్లా పెడుతుందని మా అమ్మ నవ్వితే, "పేరు పెట్టింది మనం, దానికేం ఎరుక" అన్నాడు. ఊరందరి లెక్కలో మాత్రం జెర్రిపోతులన్నీ మగవి, వాటి పెళ్ళాలు నాగుపాములు.

ఆ ఎండల్లోనే, మామిడికాయ తొక్కు పెట్టే రోజుల్లో, చిన్నత్త బట్టల సందుగతో సహా వచ్చింది. మా నాన్నకు చెల్లెలు. నాలుగు రోజులుండి పోతుందన్నారు. సందుగ ఎందుకు తెచ్చిందో నాకు అర్థం కాలేదు గాని, పక్కలో పడుకోవడానికి మనిషి దొరికిందని సంబరపడ్డాను. అత్త ఒంటికి ఎప్పుడూ కుంకుడుకాయ వాసన. జొన్నరొట్టె చేస్తే అంచు కూడా మాడేది కాదు. ఎల్లిపాయ కారం నూరి, వేడి రొట్టె మీద రాసి, చుట్ట చుట్టి నా చేతిలో పెట్టేది. తను మాత్రం సగం రొట్టెతో లేచేది. పటాన్‌చెరు నుంచి బస్సు వచ్చే వేళకు ఏదో ఒక పని పెట్టుకుని దారి కనిపించే వైపుకు పోయేది. బస్సు దిగి వచ్చే మనుషుల్లో మా మామ ఉండేవాడు కాదు.

ఆమె కొట్టంలోకి పోగానే పెద్దవాళ్ళు గొంతు తగ్గించి మాట్లాడుకునేవాళ్ళు. పెళ్ళయి ఇన్నేళ్ళైనా పిల్లలు కాలేదని అత్తగారు వంక పెట్టిందని, మామకు ఇంకో పిల్లను చూస్తున్నారని, పిల్ల కూడా దగ్గరి చుట్టమేనని. వానలు పడేలోపల వచ్చి తీసుకుపోతే కాపురం ఉన్నట్టు, రాకపోతే లేనట్టు. ఇవన్నీ నేను ధాన్యం గుమ్మి వెనక కూర్చుని విన్నాను. అందరూ చిన్నపిల్ల ఆడుకుంటోంది అనుకున్నారు.

గుడ్డ ఆలోచన నాయనమ్మది. జెర్రిపోతు, నాగుపాము సయ్యాట ఆడేటప్పుడు కొత్త తెల్లగుడ్డ వేసి, అవి ఆడి పోయాక తీసి, ఉతక్కుండా పసుపు కుంకుమతో దాచుకుంటే, ఆ గుడ్డ ఉన్న ఇంట్లో అనుకున్నది అవుతుందని మా వైపు నమ్మకం. ఎవరికి కావాలో వాళ్ళే వేయాలి. నాయనమ్మ పటాన్‌చెరు సంత నుంచి మల్లుగుడ్డ తెప్పించి దూలం మీద పెట్టింది. చేన్లో పనిచేసే వాళ్ళందరికీ చెప్పింది, ఎక్కడ కనబడినా కేకేయమని. అంతవరకు జెర్రిపోతును తిట్టిన మనిషే, ఇప్పుడు దానికి దండం పెట్టింది. తాత కూడా సరేనన్నాడు. బిడ్డ విషయం కదా.

మిరుగం నాడు మా ఇంట్లో ఇంగువ కలిపిన బెల్లం ఉండ మింగించేవాళ్ళు, మధ్యాహ్నానికి మామిడికాయ వేసిన చేపల పులుసు. ఆ మర్నాడు బాగా ఉబ్బరించిన పొద్దున, అత్తా నేనూ తాతకు సద్ది తీసుకుని పోతున్నాం. చెరుకుతోట మలుపులో అత్త ఆగిపోయింది. గెట్టు మీద రెండు పాములు లేచి నిలబడి, మెడలు పెనవేసుకుని, మెల్లగా ఊగుతున్నాయి. చప్పుడు లేదు. అత్త సద్దిగిన్నె కింద పెట్టి నన్ను ఇంటికి తరిమింది, గుడ్డ తెమ్మని.

నేను పరుగెత్తిన పరుగు ఇప్పటికీ నా కాళ్ళకు గుర్తుంది. ఇంటికి పోయి చెప్పడం, నాయనమ్మ దూలం అందక గుమ్మి మీదికి ఎక్కడం, జారడం, మళ్ళీ ఎక్కడం, పసుపు దొరక్క వెతకడం, ఇద్దరం రొప్పుతూ తిరిగి రావడం. చాలాసేపే పట్టింది. అంతసేపూ అత్త ఒక్కతే అక్కడ నిలబడి వాటిని చూస్తూ ఉంది. మేం వచ్చేసరికి అవి ఇంకా పెనవేసుకునే ఉన్నాయి గాని ఆట వేగం పెరిగింది. లేస్తున్నాయి, దబ్బున పడుతున్నాయి, మళ్ళీ లేస్తున్నాయి. అత్త ముఖంలో సంతోషం లేదు. నాయనమ్మ చేతిలోంచి గుడ్డ తీసుకుని, తల్లి చెప్పింది కాబట్టి వేసినట్టు వేసింది.

గుడ్డ కింద కాసేపు కదిలి, రెండూ విడిపోయాయి. ఒకటి గుడ్డ కిందినుంచి జారి చెరుకులోకి కాకుండా బీడు వైపు పోయింది. రెండోది కొంతదూరం వెంటపడి, ఆగి, తల ఎత్తి చూసి, వెనక్కి తిరిగి మా మడిలోకి వచ్చింది. నాయనమ్మ అప్పటికే కళ్ళు మూసుకుని నేలకు మొక్కుతోంది. అత్త మాత్రం బీడు వైపు పోయిన పామును అది కనబడినంతసేపూ చూసింది.

గుడ్డ మడిచి సందుగలో పెట్టారు. ఇక మామ వస్తాడని ఇల్లంతా నమ్మింది. అమ్మ అత్తకు కొత్త రవికె కుట్టించింది. కొన్నాళ్ళకు బస్సు దిగి వచ్చింది మామ కాదు, ఆయన అన్న. అరుగు మీద కూర్చుని, కాళ్ళు కడుక్కోకుండానే చెప్పాడు. తమ్ముడికి ఆ పిల్లతో లగ్గం అయిపోయింది, ఇంట్లోనే చిన్నగా చేశారు. మీ పిల్లను ఎవరూ వెళ్ళగొట్టలేదు, వచ్చి ఆ పిల్లతోపాటు ఉండవచ్చు, తిండికి బట్టకు లోటు రానివ్వం.

నాన్న గడ్డపార కోసం చూశాడు. తాత చెయ్యి పట్టుకుని ఆపాడు. నాయనమ్మ ఒక్కతే ఏడుపు మింగుకుని అత్త దగ్గరికి పోయింది. ఆమెకు ఇంకా ఆశ ఉంది. గుడ్డ తీసుకుని పొమ్మంది, ఆ గుడ్డ మహిమతో ముందు నీ కడుపే పండుతుంది, అప్పుడు ఆ కొత్తది తోక ముడుస్తుంది అంది. అందరం అత్త వైపు చూశాం. ఆమె పొయ్యి దగ్గర కూర్చుని రొట్టె కాలుస్తోంది. రొట్టె తిరగేసి, తలెత్తకుండా చెప్పింది.

"నేను పోనమ్మా. ఆడ నాకు జాగ లేదు. ఉన్న జాగ కోసం దానితోని కొట్లాడుడెందుకు, పానం మంచిగున్నప్పుడే పక్కకు జరిగిన."

నాయనమ్మ ఎన్నాళ్ళు ఏడ్చిందో. చేతికందిన అదృష్టాన్ని కాలితో తన్నిందని పోయేదాకా అంటూనే ఉంది. నాకు మాత్రం లోలోపల బాగుంది. అత్త పోదు, నా పక్కలోనే పడుకుంటుంది. అంత చిన్న వయసులో ఇంకెవరి బాధ కనిపిస్తుంది.

తర్వాత సంగతులు అందరివీ ఒక్కటే. ఫ్యాక్టరీలు వచ్చాయి, భూములు పోయాయి, తాత పోయాడు. చెరుకు కొట్టేసిన రోజున యంత్రం కింద పడి నా జెర్రిపోతో, దాని పిల్లల పిల్లలో, చాలానే చచ్చాయి. మేం ఊళ్ళోకి మారాం. అత్త ఒక కంపెనీలో సీసాలకు లేబుళ్ళు అంటించే పనికి పోయేది. సాయంత్రం వచ్చాక ఒంటికి కుంకుడుకాయ వాసన పోయి మందుల వాసన వచ్చేది. ఎంత తోమినా పోయేది కాదు.

గుడ్డ సంగతి మాత్రం ఊరూరా పాకింది. కడుపు కోసం, సంబంధం కోసం, కోర్టు కేసు కోసం, కంపెనీలో పర్మనెంటు కోసం, ఎవరొచ్చి అడిగినా అత్త ఒక పేలిక చింపి ఇచ్చేది. ముత్తంగిలో లారీ నడిపే సాయిబు తన బండి అద్దానికి కట్టుకున్నాడు. మా వెనక గదిలో కిరాయికి ఉన్న బీహార్ పిల్లకు కూడా ఇచ్చింది. వాళ్ళిద్దరికీ ఒకరి భాష ఒకరికి రాదు. ఆ పిల్లకు కొడుకు పుట్టాడు. ఎంతమందికో పుట్టారు. ఆ పిల్లల బారసాలలకు అత్తను పిలిచేవాళ్ళు, పిలిచి వెనక వరసలో కూర్చోబెట్టేవాళ్ళు. తొట్టెల మీద చెయ్యి వేయనిచ్చేవాళ్ళు కాదు. గొడ్రాలి చెయ్యట. ఆ చెయ్యి చింపిన పేలిక మాత్రం తొట్టెలకు కట్టి ఉండేది. నాకు ఒళ్ళు మండిపోయేది. అత్త శనగలు కొంగున కట్టుకుని, నాకంటే ముందే లేచి ఇంటికి నడిచేది.

నా పెళ్ళికి నా చీర కొంగున ఒక పేలిక ముడివేసింది. గుడ్డలో మిగిలింది అదే. అప్పటికి నాకు నోరు లేచింది. అడగకూడని మాట అడిగాను. ఇంతమందికి పని చేసింది కదా అత్తా, నీకెందుకు పని చేయలేదు అని. ముడి బిగిస్తూ ఆమె అన్న మాట ఇది.

"సూసినోళ్లకు పని చెయ్యది బిడ్డా. సూడనోళ్లకే చేస్తది."

అదేదో ఆ గుడ్డకున్న నియమం అనుకున్నాను. ఆ ఆట చూసిన కళ్ళకు ఫలం ఉండదేమో, వాళ్ళు ఇతరుల కోసమే వేయాలేమో అనుకున్నాను. ఇన్నేళ్ళూ అలాగే అనుకుంటూ వచ్చాను. అత్త పోయి కూడా చాలా కాలమైంది.

మొన్న బాల్కనీలో నా పక్క ఫ్లాటు ఆవిడ నిలబడింది. కాలేజీలో జువాలజీ చెప్పి రిటైరైన మనిషి, లిఫ్టులో కూడా పాఠం చెబుతుంది. పై పెద్దాయన జోడు అనగానే ఆవిడ నా వైపు తిరిగి పెదవి విరిచింది. నాగుపాము లేనే లేదు, రెండూ జెర్రిపోతులే అంది. అందులోనూ ఆడది లేదు, రెండూ మగవే. తొలివానల రోజుల్లో ఇట్లా తలపడతాయి, చూసినవాళ్ళు పెళ్ళనుకుంటారు.

"మరి ఏం చేస్తున్నట్టు?" అని అడిగాను.

"కుస్తీ. జాగా కోసం, ఆ జాగాలో ఉన్న ఆడదాని కోసం. కరుచుకోవు చూడండి. ఎదుటిదాని తల కిందికి వంచాలి, అంతే. ఓడిందానికి గీత కూడా పడదు. లేచి ఇంకో చోటు చూసుకుంటుంది."

ఆవిడ చెబుతుండగానే ఒకటి కింద పడింది. లేవలేదు. పట్టు వదిలించుకుని ప్రహరీ వెంట అవతలి రోడ్డు వైపు పోయింది. రెండోది కొంతదూరం తరిమి, ఆగి, తల ఎత్తి చూసింది. ఇదే తీరు నేను ఇంతకుముందు ఎక్కడ చూశానో నాకు వెంటనే గుర్తొచ్చింది.

బాల్కనీలో కుర్చీ లాక్కుని కూర్చున్నాను. ఆ పొద్దున గెట్టు మీద అత్త ఒక్కతే ఎంతసేపు నిలబడిందో ఇప్పుడు లెక్కకొచ్చింది. పుస్తకం చదవకుండా, ఎవరూ చెప్పకుండా, కళ్ళతో చూసి ఆమెకు తెలిసిపోయింది అది పెళ్ళి కాదని. గుడ్డ వేసేటప్పుడే తెలుసు. తల్లి నేలకు మొక్కుతుంటే చెప్పలేకపోయింది. పొయ్యి దగ్గర కూర్చుని జాగ లేదు అన్నప్పుడు ఆమె చూసిందే చెప్పింది, మేమే వినలేదు. ఆ తర్వాత ఏళ్ళ తరబడి, ఏమీ లేని గుడ్డ అని తెలిసీ, అడిగిన ప్రతి మనిషికీ చింపి ఇచ్చింది. ఆ సంగతి ఒక్కరికి కూడా చెప్పుకోలేదు. ఒకే పక్కలో పడుకున్న నాకు కూడా. మోటబావిలోకి వంగి నన్ను నేను పిలుచుకున్న ఆ ఎండాకాలంలో నాకంటే ఒంటరి మనిషి నా పక్కనే పడుకుని ఉందని తెలిసి, ఇంత వయసులో, ఫ్లాటు తలుపు వేసుకుని ఏడ్చాను.

సాయంత్రం వాచ్‌మన్ భార్య చెత్తబుట్ట కోసం వచ్చింది. పొద్దున ఆమె ముందు బ్లాకులో గిన్నెలు తోముతోందట, పాములు వచ్చిన సంగతి ఎవరూ పిలిచి చెప్పలేదట. ఎవరైనా గుడ్డ వేశారా అని అడిగింది. లేదన్నాను. ఆమె ముఖం చిన్నబోయింది.

లోపలికి పోయి బీరువా తీశాను. పట్టుచీర మడతల్లోంచి పేలిక తీస్తే పసుపు మరక ఇంకా ఉంది. సగం చింపి ఇద్దామనుకున్నాను. అత్త ఎప్పుడూ తనకని మిగుల్చుకోలేదని గుర్తొచ్చి, మొత్తం ఆమె చేతిలో పెట్టాను. రెండు చేతులా కళ్ళకు అద్దుకుంది.

"పొద్దున పాములను మీరు సూసిన్రా అమ్మా?" అని అడిగింది.

"లేదు బిడ్డా," అన్నాను. "నేను లేచేసరికి పోయినయి."